వెనక్కి నడవకండి

బ్రాంకో శవాన్ని గోతిలోంచి పైకి తీసి గంట కూడా కాలేదు. అతని భార్య వెస్నా కొండ కింద తొలిచిన తన ప్రయోగశాలలోకి వచ్చి, లోపల గడియ పెట్టేసుకుంది.

బయట మనోలి తలుపు బాదుతున్నాడు. బ్రాంకోతో కలిసి ముప్పై ఏళ్ళుగా ఓపల్ అనే రంగురాళ్ళు తవ్వినవాడు.

“తలుపు తియ్యమ్మా! ఒక్కదానివీ లోపలేం చేస్తున్నావ్?”

“కాలాన్ని వెనక్కి తిప్పుతున్నా. నువ్వెళ్ళు.”

“అయ్యో, దీనికి మతి పోయింది!” మనోలి బావురుమన్నాడు. “అంతటి మొనగాడు చూసుకోకుండా పడ్డమేంటి? అసలా ఇనప రేకు అంత దూరం ఎందుకు ఈడ్చుకెళ్ళాడు?”

అదే ఎవరికీ అంతుపట్టలేదు. ఓపల్ గనుల ఊరైన కూబర్ పెడీలో ఎటు చూసినా తవ్వి వదిలేసిన గోతులే. ‘వెనక్కి నడవకండి’ అని ఊరంతా బోర్డులే. ఫొటోల పిచ్చిలో వెనక్కి జరిగే యాత్రికుల్ని బ్రాంకో చొక్కా పట్టుకు లాగి మరీ తిట్టేవాడు. అలాంటివాడు రేకు ఈడుస్తూ, వెనక్కి వెనక్కి నడిచి, అడ్డదారి పక్కనున్న గోతిలో పడిపోయాడు.

మధ్యాహ్నమేగా కాఫీ పట్టుకుని వచ్చాడు! చేతికి గుడ్డ చుట్టుకున్నాడు. కెటిల్ తగిలి కాలిందట.

“ఇవాళ అడ్డదారిన రాకు. నేనే ట్రక్కులో వచ్చి తీసుకెళ్తా” అన్నాడు.

వెస్నా రోజూ లెక్కలు వేసుకుంటూ ఆ దారినే ఇంటికెళ్ళేది. “ఏంటి బాబూ, కొత్తగా ఇంత ప్రేమ?” అని ఆటపట్టించింది. అతను నవ్వలేదు.

ఆమె డబ్బా తెరిచింది. ఓపల్ బిళ్ళలు రెండుండాలి. బ్రాంకోయే కూర్చుని అరగదీసి ఇచ్చాడు. ఇప్పుడు ఒక్కటే ఉంది.

“రెండోది ఎక్కడ పారేశావయ్యా? ఏదీ పెట్టినచోట ఉండనివ్వవు కదా!” అని చచ్చిపోయిన మొగుణ్ణి తిట్టి, వెక్కి వెక్కి ఏడ్చింది.

బిళ్ళను గుప్పిట్లో పట్టుకుని, ఆమె తయారుచేసిన యంత్రం మీట నొక్కితే లోకమంతా వెనక్కి వెళ్తుంది. జరిగిందంతా ఆ పట్టుకున్న మనిషికి మాత్రమే గుర్తుంటుంది. బిళ్ళ మాడి మసైపోతుంది. ఇదంతా కాగితం మీది సంగతి. మనిషితో వెస్నా ఎన్నడూ చేసి చూడలేదు. ఎంత వెనక్కి వెళ్తుందో కూడా తెలియదు. పది నిమిషాలే అయితే, మళ్ళీ శవం దగ్గరే తేలుతుంది.

నొక్కింది.

అరచెయ్యి భగ్గుమంది. కెవ్వుమని అరిచి కళ్ళు తెరిచింది. తలుపు చప్పుడు లేదు. గుమ్మంలో ఇంకా ఎండ ఉంది. బల్ల మీద కాఫీ గోరువెచ్చగా ఉంది.

వెస్నా అడ్డదారి పట్టుకుని పరిగెత్తింది.

అదిగో బ్రాంకో! నడుం వంచి, రేకు ఈడుస్తూ, వెనక్కి వెనక్కి వస్తున్నాడు. అతని వెనకే గొయ్యి నల్లగా నోరు తెరుచుకుని ఉంది.

పేరు పెట్టి పిలవబోయి నోరు నొక్కుకుంది. ఉలిక్కిపడ్డాడంటే మరుసటి అడుగు గోతిలోకే. ఊపిరి బిగబట్టి, పక్కనుంచి వెళ్ళి, అతని బెల్టు దొరకబుచ్చుకుని ఒక్క గుంజు గుంజింది. ఇద్దరూ ఎర్రమట్టిలో దొర్లారు. కాలు తగిలి ఒక రాయి గోతిలోకి జారింది. అది అడుక్కి చేరిన చప్పుడు ఎంతసేపటికో గాని వినబడలేదు.

“బుద్ధుందా నీకు?” వెస్నా అతని గుండెల మీద దబదబా బాదింది. “ఏళ్ళ తరబడి ఉన్న గొయ్యి! ఇవాళే మూత పెట్టాలా దీనికి? చచ్చిపోయావు నువ్వు! నీ కళ్ళు ఈ చేతులతోనే మూశాను!”

పిచ్చిగానీ పట్టిందా అని బ్రాంకో అడగలేదు. ఆమె చెయ్యి మెల్లగా విప్పి, అరచేతిలో గుండ్రంగా కాలిన మచ్చను చూశాడు. అతని కళ్ళు నిండిపోయాయి.

తన చేతికున్న గుడ్డ విప్పి, అచ్చం అలాంటి మచ్చే చూపిస్తూ, “మొదట ఈ గోతిలోంచి పైకి తీసింది నిన్నే, వెస్నా” అన్నాడు.