అగ్గిరాకాసి దినం

"ఆఖరి అధ్యాయం తీసెయ్యండి. తీసేదాకా నేనిక్కణ్ణుంచి కదలను."

ప్రూఫుల కట్ట బల్లమీద దబ్బున పడింది. టీ గ్లాసు ఎగిరి ముఖచిత్రం తడిసింది. సంపాదకుడికి అరికాలి మంట నెత్తికెక్కింది. సాయంత్రానికి పుస్తకం అచ్చుకెక్కాలి. ప్రెస్సు వాళ్ళు ఫోన్ల మీద ఫోన్లు చేసి ప్రాణం తోడేస్తున్నారు. సరిగ్గా ఇప్పుడు దిగబడింది ఈవిడ, రచయితగారి అక్క. ఏదో బడికి హెడ్‌మిస్ట్రెస్సట. ఆ గొంతుకి పక్కగదిలో కంప్యూటర్ల ముందున్న వాళ్ళు కూడా నిటారుగా కూర్చున్నారు.

రచయిత మూల కుర్చీలో, హోంవర్కు చెయ్యని పిల్లాడిలా ఒదిగిపోయాడు.

"చూడమ్మా, పేరు కావాలంటే అడగండి. ఆ లోకమూ, దాని క్యాలెండరూ చిన్నప్పుడు మీరు కల్పించినవేనని మీ తమ్ముడే చెప్పాడు. అట్టమీద మీ పేరూ వేస్తాం."

"వేసి చూడండి. మీ ప్రెస్సు తగలబెట్టకపోతే నన్నడగండి."

"మరింకేం కావాలి?"

"వీడు చివర్లో అగ్గిరాకాసిని క్షమించాడు. నెత్తిన కిరీటం కూడా పెట్టాడు. ఎవడు వీడు క్షమించడానికి?"

సంపాదకుడికి నవ్వూ వచ్చింది, ఒళ్ళూ మండింది. ఎక్కడా లేని రాకాసి కోసం ఇంత రాద్ధాంతమా!

"పిల్లల పుస్తకం కదక్కా," నసిగాడు తమ్ముడు. "పాపం, మర్నాడు మిఠాయిలు పంచేదిగా! మన ఆట ఇలా పుస్తకమైందని తెలిస్తే నాన్న ఎంత మురిసిపోయేవాడో. అందుకే ఆయనకి అంకితమిచ్చా."

"నీకప్పటికి పాలపళ్ళు కూడా ఊడలేదు. నోరు ముయ్యి. అప్పుడంటే నేను మూసేదాన్ని, ఇప్పుడు నువ్వే మూసుకో."

సంపాదకుడు ఇక ఆగలేకపోయాడు. క్యాలెండరు పేజీ లాగి ఆవిడ ముందుకు తోశాడు.

"అసలు ఇదే తప్పుల తడకమ్మా! అగ్గిరాకాసి దినాన ఎవరూ దీపం పెట్టకూడదు, గిన్నె చప్పుడు కాకూడదు. దాని ఊపిరి వాసన వీధి మలుపులో తగలగానే పిల్లలంతా మేఘం ఎక్కి పడుకోవాలి."

"ఆ మేఘం మా అటకేనండీ," అన్నాడు తమ్ముడు ముచ్చటగా.

"బాగుంది. తెల్లారేసరికి పెద్ద చందమామ మీద నీలం మచ్చలు తేలతాయి. అదింకా బాగుంది, అంత ఊహ నాకైతే చచ్చినా రాదు. మర్నాడు తేనె దినం. రాకాసే వలవలా ఏడ్చి మిఠాయిలు పంచుతుంది. సరే. ఈ బంగారు ఋతువు సంగతేంటి? లోకంలో గింజ ఉండదు, జనం ఖాళీ కడుపుతో పడుకుంటారు. దానికి బంగారమని పేరా? కరువు ఋతువని మార్చేస్తున్నా."

"మార్చారంటే మర్యాదగా ఉండదు. ఆ ఋతువులో రాకాసి రాదు."

"ఏం, దానికీ కరువేనా?"

ఆవిడ క్యాలెండరు పేజీని వెనక్కి తోసేసింది.

"నాకా ఋతువు లీలగా గుర్తండీ. నాన్న ఫ్యాక్టరీకి తాళం పడిన రోజులవి," తమ్ముడు మురిసిపోతూ అన్నాడు. "అక్క గొంతెత్తి పాటలు పాడేది. గిన్నెలు కూడా వాయించేది."

"పాటలు సరే, లెక్క ఏదయ్యా?" సంపాదకుడు బల్ల గుద్దాడు. "అగ్గిరాకాసి ఒక నెల తొందరగా వస్తుంది, ఒక నెల ఆలస్యంగా వస్తుంది. ఒక్కోసారి అసలు రానేరాదు! చంద్రుణ్ణి బట్టా, సూర్యుణ్ణి బట్టా? చదివే పిల్లలు గడుసువాళ్ళు, నిలదీస్తే మొహం ఎక్కడ పెట్టుకోను? అమ్మా, ఆ లెక్క చెప్పండి. మీ ఆఖరి అధ్యాయం నా చేత్తో నేనే పీకి పారేస్తా."

"అవునక్కా, నాకూ ఎప్పుడూ చెప్పలేదు," తమ్ముడు కుర్చీ ముందుకు జరుపుకున్నాడు. "పొద్దున్నే నా చెవిలో 'ఇవాళ అగ్గిరాకాసి' అనేదానివి. ఒక్కసారీ తప్పేది కాదు. నీకెలా తెలిసేది?"

ఆవిడ తమ్ముడి వైపు తిరిగింది. ఇంతసేపూ గదిని గడగడలాడించిన గొంతు, పక్కగదికి కూడా వినపడనంతగా తగ్గిపోయింది.

"నాన్నకి జీతమొచ్చే రోజురా అది."