కిటికీ ఎదుటి గోడ

"మళ్లీ తప్పిపోతే ఎక్కడని ఎతకమంటావే? బోర్డు సదవలేవు, ఇందీ ముక్క రాదు. నానొచ్చీదాకా ఇంట్లోనే ఉండు."

అంటూ పోలయ్య బయటినుంచి తాళం పెట్టేశాడు.

"ఎన్నాళ్లు మావా ఇలాగ?" లోపలినుంచి సూర్యావతి గొంతు.

"బోర్డులు సదవడం ఒచ్చిన్నాడు తీసేత్తాను, పో."

ఆ మాట విని, సందులో పోతున్న ఓ ముసలాయన ఆగాడు. నెత్తిన ట్రంకుపెట్టె. తాళం వంకా, తలుపు వంకా చూసి, సందు చివరి గదిలోకి వెళ్లాడు. ఆ గదిలో కొత్తగా అద్దెకి దిగాడు. పేరు కొర్నేలి.

పోలయ్య చెడ్డవాడనుకోకండి. శ్రీకాకుళం పక్క పల్లెనుంచి ఈ హిందీ దేశానికి కొత్తగా కాపురానికి తెచ్చుకున్న పిల్ల, బడి మొహం చూడనిది, కూరలకని వెళ్లి ఏదో టెంపో ఎక్కి పక్క ఊరు దుర్గ్‌లో తేలింది. దీపాలవేళకి ఎవరో తెచ్చి దింపేదాకా అతను తాముండే ఖుర్సీపార్ సందులన్నీ ఏడుస్తూ తిరిగాడు. ఆ భయంతోనే తాళం కొన్నాడు.

భయంతో వేసినా తాళం తాళమే కదా మరి.

ఒంటిగది ఇల్లు. ఉన్నది ఒక్క కిటికీ. సందుకి అవతల ఎదురింటివాళ్ల వెనక గోడ, అంతే. మెడ ఎంత వంచినా ఆకాశం కనపడదు. పోలయ్య పనిచేసే ఉక్కు ప్లాంటు సైరను మోగితే పూట మారిందని తెలిసేది. పక్కింటి టీవీ వినపడేది గానీ అదీ హిందీలోనే వాగేది. ఇక మాట్లాడుకోడానికి మిగిలింది కుంపటీ, నీళ్లబిందె.

కొద్దిరోజులకి ఆ గోడ దగ్గర చదువు మొదలైంది.

కొర్నేలి బొగ్గుముక్కతో పెద్దపెద్ద హిందీ అక్షరాలు రాసేవాడు. పిల్లలు గోనెపట్టా మీద కూర్చునేవారు.

"సు."

"సు...!"

"పే."

"పే...!"

"లా. ఇప్పుడు మూడూ కలపండి. గట్టిగా! సందంతా వినపడాలి."

"సుపేలా...!"

"తాతా, కబూతర్ రాయండి," అంది జూడీ అనే పిల్ల.

"పావురానికి రెక్కలున్నాయమ్మా, దానికి బోర్డులతో పనేంటి? దుర్గ్ రాస్తాను, చదువు."

సూర్యావతి కిటికీ రెక్క ఓరగా తీసి చూసింది.

"ఓలమ్మ! ఇంతింత గుంటలకి ఇంకా అచ్చరాలే రావేటి!"

కాపురానికి వచ్చాక అదే ఆమె మొదటి నవ్వు. రానిది తనకొక్కదానికే కాదని ఎంత ఊరటో!

ఆనాటినుంచి పొయ్యిమీద ఎసరు మరిగిపోతున్నా కిటికీ వదిలేది కాదు. పిల్లలు అరిచింది తను పెదాలతో అనేది. కుంపటి బొగ్గుతో నేలమీద దిద్దేది. పోలయ్య వచ్చేలోగా తుడిచేసేది.

ఒక్కటే ఇబ్బంది. ముసలాయన పాఠం పిల్లలకి చెబుతూ మొహం మాత్రం ఈ కిటికీకేసి పెట్టేవాడు.

నైట్ షిఫ్ట్ చేసొచ్చి పడుకున్న పోలయ్య ఆ అరుపులకి లేచి, ఒకనాడు అది చూడనే చూశాడు.

"ఎవుడే ఆ ముసిలోడు? నీకు తెలుసా?"

సూర్యావతి కిటికీ ఊచ గట్టిగా పట్టుకుంది. తెలుసంటే ఈ కిటికీకి కూడా మేకులు కొట్టేస్తాడేమో!

"నాకేటి తెలుసు? రోజూ ఇటేపే సూత్తాడు."

ఉన్నమాటే. కానీ ఆ మాటకే పోలయ్య సందులోకి దూకాడు.

"పెద్దోడివి, సిగ్గునేదా? ఆడమనిసున్న కిటికీకేసి ఏటా సూపులు?"

కొర్నేలి కిటికీ వైపు ఒక్కసారి చూశాడు. సూర్యావతి తల దించేసుకుంది.

"తప్పేనండి బాబూ. ఇంక రాను," అన్నాడాయన. మసిచేతులు లుంగీకి తుడుచుకున్నాడు. "గోడ మాత్రం కడిగించకండి. పిల్లలు చూసుకుంటారు."

పాఠం ఆగిపోయింది. గోడ మిగిలింది. ఆ ఇంట్లోంచి చూడ్డానికి ఇంకేముంది గనక? ప్లాంటు ఎర్రదుమ్ము కప్పేసేదాకా ఆ అక్షరాలనే చూసింది, కూడబలుక్కుంది, కలలో కూడా కలిపి చదివింది.

వానలు పడేముందు ఓ ఆదివారం పోలయ్య ఆమెని సుపేలా సంతకి బయల్దేరదీశాడు. అతను టెంపో ఎక్కబోతుంటే చొక్కా పట్టుకుని వెనక్కి లాగింది.

"అది దుర్గ్ ఎల్తాది మావా. సుపేలాది యెనకాల ఉంది."

"నీకెవురు సెప్పారే?"

"రాసుంది కదేటి!"

పోలయ్య ఎత్తిన కాలు దించేశాడు. దారిలో కనపడిన బోర్డల్లా చదవమన్నాడు. వచ్చినవి చదివింది, రానివాటికి మొహం తిప్పుకుంది.

మర్నాడు డ్యూటీకి బయల్దేరుతూ తాళం చేతిలోకి తీసుకున్నాడు. తలుపు గడియకేసి చూశాడు. తర్వాత దాన్ని అన్నం కేరేజీ సంచిలో వేసుకున్నాడు.

"జాగర్త," అన్నాడంతే.

అతను మలుపు తిరిగాడో లేదో సూర్యావతి గడప దాటి సందు చివరికి పరిగెత్తింది.

కొర్నేలి గదికి తాళం.

"తాత గది ఖాళీ చేసేశారు దీదీ," అంది మెట్టుమీద కూర్చున్న జూడీ. "ఎప్పుడో వెళ్లిపోయారు. ఎక్కడికో పతా నహీ."

సూర్యావతి ఆ తాళం పట్టుకుని నిలబడిపోయింది.

"నా నోటిమాటకి మీ సదువు ఆగిపోనాది కదమ్మా. మరిప్పుడు మీకు అచ్చరాలు ఎవురు నేర్పుతన్నారు?"

జూడీ పకపకా నవ్వింది.

"మాకెందుకు దీదీ? మేం నాలుగో క్లాసు, అవన్నీ మాకెప్పుడో వచ్చు... కిటికీలో ఉన్న దీదీకి వినపడేలా గట్టిగా అనమని తాతే మాకు రోజూ పిప్పరమెంట్లు ఇచ్చేవారు."