దండెయ్య దెబ్బలు

ఒక అడవిలో ఏటా ఎండలు ముదిరే ముందు కొండముచ్చులు రెండు జట్లు కట్టి, వెలగకాయను చెట్టుతొర్రలోకి విసిరే పందెం ఆడేవి. గెలిచిన జట్టుదే నీళ్ల చెలమ.

"పదహారేళ్ల ఆటలో ఐదేళ్లు దెబ్బలతో మూలనపడ్డ తాతను మన జట్టులోకి దింపారు. మన నీళ్లు పోయినట్టే!" అని కుర్ర ఆటగాడు గెంతుడు సణిగాడు.

గెలుపు తేల్చే ఆఖరి కాయ ఆ తాత దండెయ్య చేతికే వచ్చింది. ఒక్క ఎగురు ఎగిరాడు. కాయ తొర్రలో పడింది, దండెయ్య నేల మీద పడ్డాడు. లేపబోయిన గెంతుడు అలాగే నిలబడిపోయాడు. ఆ ఒంటి మీద మానిన గాయం లేని చోటే లేదు.

"నొప్పిగా ఉందా తాతా?"

"నొప్పి లేని రోజు కోసం చూస్తూ కూచుంటే ఒక్క ఆటైనా ఆడేవాణ్ణట్రా?" అని నవ్వి, దండెయ్య తనంతట తనే లేచాడు.

ఏనుగును చూసినప్పుడు కూడా గెంతుడు అంతగా తలెత్తి చూడలేదు.