ఖాళీ కెమెరా ముందు మూడు రోజులు

కుమ్మరివాడ చరిత్రలో ఆ మహత్తర సత్యాన్ని వెలికితీసిన ఘనత ఒక మేకకు దక్కింది.

అది సినిమా కెమెరా స్టాండును కొమ్ములతో పొడిచింది. కెమెరా కింద పడింది. మూత ఊడింది.

లోపల రీలు లేదు.

నైలు ఒడ్డున మూడు రోజులుగా వర్ధిల్లిన వైభవమంతా ఒక్క క్షణంలో ఆవిరైపోయింది.

కుండలు కాల్చే బట్టీల పొగ ఊరిని పాడుచేస్తున్నదని, సర్కారు వాటిని పడగొట్టిస్తుందని అంతకుముందే వదంతి. "మన పనితనం సినిమాలో చూస్తే పెద్దల మనసు మారుతుంది" అని మక్కా యాత్ర చేసొచ్చిన కుమ్మరుల పెద్ద హాజ్ దర్దీర్ శాసించాడు. పండుగ జుబ్బా తొడిగి, పదిగజాల తలపాగా చుట్టి, ఏనాడో కొడుక్కి వదిలేసిన సారె ముందు తానే ఆసీనుడయ్యాడు. గ్రహాలన్నీ ఆ సారెతోనే తిరుగుతున్నంత గాంభీర్యంతో పదకొండు వంకర కడవలను సృష్టించాడు.

భార్య సెనియా పకపకా నవ్వింది.

"మూడు రోజులూ గాలికి పోజులిచ్చావా, హాజ్?"

"నువ్వు నోర్ముయ్యవే!" దర్దీర్ సినిమా తీయడానికి కైరో నుంచి వచ్చిన స్త్రీ వైపు తిరిగాడు. "ఏమ్మా ఇత్తిమాద్, మాతో ఆటలా?"

"ఆటలు కావు హాజ్. ఎక్కడికెళ్లినా మొదట్లో ఖాళీ కెమెరానే తిప్పుతాను. అప్పుడందరూ నాకోసం నటిస్తారు. తరవాత విసుగొచ్చి ఎవరి పని వాళ్లు చూసుకుంటారు. నా సినిమా అక్కణ్నించి మొదలవుతుంది."

"ఓహో, జనానికి విసుగు పుట్టించడమా నీ విద్య!"

"నిన్న సాయంత్రం తలపాగా పక్కన పడేసి, మీ అబ్బాయి చేసిన కడవకి మెడ సరిదిద్దారు. ఊపిరి బిగబట్టి మరీ. నాక్కావలసింది అదే. ఇవాళ రీలు వేస్తాను. ఒక్కరోజు ఇవ్వండి."

సెనియా నవ్వు ఆగింది. "ఇవ్వరాదూ? ఆ పిల్ల చూసింది నిజమేగా."

"రీలు కొనే దిక్కులేనిది సినిమా తీస్తుందట! పడవెక్కించండి దీన్ని!"

ఇత్తిమాద్ ఏదో చెప్పబోయి ఆగింది. కెమెరాకు అంటిన మట్టిని రుమాలుతో తుడిచి పడవెక్కింది.

మోసాన్ని పసిగట్టిన దర్దీర్ వివేకాన్ని వాడంతా వేనోళ్ల కొనియాడింది. మేకకు సైతం ఒక మోపు పచ్చగడ్డి బహూకరించారు.

పదిహేనోనాడు ఖెనాలోని గవర్నరు కచేరీ నుంచి గుమాస్తా సిద్కీ వచ్చాడు.

"ఇత్తిమాద్ గారేరి?"

"ఆ మోసగత్తెనా? ఎప్పుడో తరిమేశాం!"

సిద్కీ ముఖం పాలిపోయింది.

"సినిమా తీయలేదా?"

"రీలు ఉంటేగా తీయడానికి!"

అతడు సంచిలోంచి నెమ్మదిగా ఒక కాగితం తీశాడు. "అయితే ఇది మీ చేతిలో పెట్టక తప్పదు. శనివారం బట్టీలు పడగొడతారు, హాజ్."

దర్దీర్ కాగితం విప్పాడు. కళ్లు తేదీ దగ్గర ఆగిపోయాయి.

"ఇది రంజాను ముందు రాసింది కదయ్యా! నాలుగు నెలలు మీ దగ్గరే ఎందుకుంచారు?"

సిద్కీ తల దించుకున్నాడు.

"తెలిస్తే మీరు మీలా ఉండరని ఆవిడే మమ్మల్ని చెప్పనివ్వలేదు. 'వాళ్ల పని ఒక్కసారి చూసి, ఆ తరవాత పగలగొట్టండి' అని నాలుగు నెలలు గవర్నరు గుమ్మంలో కూర్చుని, సంతకం అయిపోయిన ఈ కాగితాన్ని ఇక్కడికి రాకుండా ఆపింది ఆవిడే, హాజ్."