గట్టిగా చదవండి

కోర్టు అమీను ఇంటి వేలం నోటీసు తీసి జిగురు అడిగాడు. పెద్ద కోడలు కదల్లేదు. అద్దెకొంప నుంచి తమాషా చూడ్డానికొచ్చిన చిన్న కోడలే వంటింట్లో దూరి మైదా ఉడికించి తెచ్చింది. వాటాల్లో ఈ ఇల్లు తోడికోడలికి దక్కిన నాటినుంచీ ఆమె కళ్లల్లో నిప్పులు పోసుకుంటూనే ఉంది.

"చదవక్కర్లేదు, అంటించి వెళ్లండి," అంది పెద్దామె.

"అదేంటక్కా, పద్ధతంటూ ఉంటుందిగా. గట్టిగా చదవండి, వీధంతా వినాలి."

అమీను గొంతు సవరించుకుని చదివాడు. ప్రింటింగ్ ప్రెస్సు పెట్టడానికి అప్పు చేసిన మొదటి ప్రతివాది, చిన్న కోడలి భర్త. హామీ సంతకం పెట్టిన రెండో ప్రతివాది, ఆమె బావగారు.

చిన్న కోడలు జిగురు గిన్నె వెనక్కి లాక్కుంది. "ఆయన నాకు చెప్పలేదక్కా."

"నీకు చెప్పొద్దని మా చేత ఒట్టు కూడా వేయించుకున్నాడు," అంటూ పెద్దామె చెయ్యి చాచింది. "ఆ గిన్నె ఇటివ్వు. చల్లారితే అంటుకోదు."