మూడో సంతకం

తొంభై ఏళ్ళపాటు తీర్చే ఇంటి అప్పులు మామూలైపోయాక, బ్యాంకులు మూడు తరాల చేత సంతకాలు పెట్టించుకోవడం కూడా మామూలైంది. మధురవాడలో సరుకులు మోసే డ్రోన్లు బాగుచేసే గౌరమ్మ, అరవై లక్షల ఫ్లాటు కోసం తను వేలిముద్ర వేసి, కూతురు లలితాంబ చేతా వేయించింది. లలితకు ఐదో నెల. మూడో సంతకం కడుపులో ఉన్న బిడ్డది.

"బిడ్డకు ఏదో ఒక పేరు చెప్పండి, తర్వాత మార్చుకోవచ్చు," అంది వంటింటి గోడలోంచి బ్యాంకు గొంతు.

బెండకాయలు తరుగుతున్న గౌరమ్మ తలెత్తింది. "మొత్తం ఎంత కడతాం?"

"నెలకు ముప్పైవేలేనండి."

"నెలకు కాదు. అంతా తీరేసరికి."

"మూడు కోట్ల పాతిక లక్షలు."

అంటే ఐదిళ్ళ ఖరీదు పైనే. "ముప్పై ఏళ్ళకే తీర్చేస్తేనో?"

"నెలకు ముప్పయ్యారు వేలు. మొత్తం కోటీ ముప్పై లక్షలు."

గౌరమ్మ నమ్మలేక మళ్ళీ చెప్పించుకుంది. నెలకు ఆరువేల తేడాకే, పుట్టని బిడ్డ నెత్తిన ఇంకో అరవై ఏళ్ళ అప్పు పెట్టబోయింది. ఇన్నాళ్ళూ బ్యాంకు చెప్పలేదు, తనూ అడగలేదు.

"ఇకమీద ఆదివారాలు కూడా పనికెళ్తాను," అంది.

"మోకాళ్ళ నొప్పులంటావు కదమ్మా. డెబ్బై ఎనిమిదేళ్ళొచ్చేదాకా కడతావేటి?" అంది లలిత.

"నాను కట్టలేనినాడు నువ్వు కడతావు. తీరేసరికి నీ బిడ్డకి ముప్పై. నచ్చిన ఊళ్ళో ఉంటాది."

లలిత గోడవైపు తిరిగింది.

"రాసుకోండి. ముప్పై ఏళ్ళు. సంతకాలు రెండే."