తడవనిదానికి నీళ్లెందుకు?

మా ఆవిడ తన చెల్లెలి ఇంటికి వెళ్తూ, ప్రాణంగా పెంచుకున్న ఫెర్న్ మొక్కను నాకు అప్పగించింది. కుండీకి కట్టిన చీటీ మీద "అడియాంటం" అని ఉంది. పక్కింటి సైన్సు మాస్టారిని అడిగితే, "తడవనిది అని అర్థం" అన్నారు. తడవనిదానికి నీళ్లెందుకని, నా తెలివికి నేనే మురిసిపోయి, పోయడం మానేశాను.

ఆవిడ తిరిగొచ్చేసరికి ఆకులన్నీ రాలి మొక్క నా నెత్తిలా తయారైంది.

"తడవనిది ఆకు, మహానుభావా! నీటిచుక్క దాని మీద నిలవదు. వేరుకు దాహం వెయ్యదా?"

"పేరే అలా ఉంటే..." అని నసిగాను.

"అవున్లెండి. నేను 'నాకేం వద్దు' అంటే కూడా ఇన్నేళ్లూ అలాగే నమ్మేశారుగా!"

కుండీ నిండా నీళ్లు పోసి, మెల్లగా అడిగాను.

"అలిసిపోయి వచ్చావు, కాఫీ పెట్టనా?"

"నాకేం వద్దు."

ఈసారి నమ్మలేదు. వెళ్లి పొయ్యి వెలిగించాను.